నల్ల గంధం

పార్శిలు విప్పగానే ముందు వాసన వచ్చింది, వస్తువు తరువాత కనిపించింది. కర్పూరంలాంటి వాసనే కానీ దేవుడి గదిలోది కాదు. అందులో మసి ఉంది, ఎన్నాళ్లుగానో తెరవని చెక్కపెట్టె ఉంది. పాత వార్తాపత్రికల పొరల మధ్య అరచేయంత నల్లరాయి, దాని పక్కన సగానికి పైగా అరిగిపోయిన సిరా కడ్డీ. పంపింది, అమెరికాలోని బర్కిలీలో నాకు సిరా బొమ్మలు నేర్పినావిడ కూతురు. ఆవిడ పోయిందని చలికాలంలోనే ఫోను చేసి చెప్పింది. ‘ఇది ఆ అమ్మాయికి’ అని ఎప్పుడో ఒక చీటీ రాసి రాయికి అంటించి పెట్టిందట. అరవయ్యో పడిలో ఉన్నాను, ఇంకా ‘ఆ అమ్మాయి’నే. బర్కిలీ నుంచి హైదరాబాదు రావడానికి ఈ రాయికి ఆరు నెలలు పట్టింది. మా అబ్బాయి సూట్‌కేసులో చోటు దొరకాలి కదా.

ఆవిడ పేరు రాయను. మా ఇంట్లో ఎవరూ పేరుతో అనుకునేవారూ కాదు. మా అమ్మ ఆవిడకు ‘రంగులావిడ’ అని పెట్టింది. నల్ల సిరా తప్ప మరో రంగు ముట్టని మనిషికి ఆ పేరేమిటని అడిగితే, బొమ్మలు వేసేవాళ్లను మరేమంటారు అంది.

*

బర్కిలీ వెళ్లిన కొత్తలో నాది భర్త మీద ఆధారపడిన వీసా. ఉద్యోగం చేయకూడదు. పొద్దున ఆయన వెళ్లిపోతే సాయంత్రం దాకా ఇంట్లో నేనూ ఫ్రిజ్ చప్పుడూ. ఊరికే వీధుల వెంట నడుస్తూ ఉండేదాన్ని. మా వీధి చివరి ఇంట్లో గురువారాలు గ్యారేజీ తలుపు సగానికి ఎత్తి ఉండేది. లోపల నలుగురైదుగురు పెద్దవాళ్లు బల్లల మీదికి వంగి, ఒక్క మాట లేకుండా ఏదో అరగదీస్తూ కనిపించేవారు. ఒకరోజు వంగి చూస్తూ ఉండిపోయాను. ఆవిడ రమ్మనలేదు, పొమ్మనలేదు. కాలితో ఒక స్టూలు నా వైపు జరిపింది.

రాతి మీద నాలుగు చుక్కల నీళ్లు. కడ్డీని నిలువుగా పట్టుకుని గుండ్రంగా, ఒత్తకుండా, తొందర లేకుండా తిప్పడం. నాకు మా నాయనమ్మ కళ్ల ముందు కూర్చున్నట్టయింది. ఆవిడ ఇలాగే సాన మీద గంధపు చెక్క అరగదీసేది. మధ్యలో మాట్లాడితే గంధం పలచనవుతుందనేది. అది మా నోళ్లు మూయించడానికి అన్న మాట అని పెద్దయ్యాక తెలిసింది. ఇక్కడ కూడా మాట్లాడకూడదు. పాఠం అయ్యాక, ఈ కడ్డీ దేనితో చేస్తారండీ అని అడిగాను. దీపం మసి, జిగురు, కొంచెం సుగంధం అంది. అంటే కాటుక! మా నాయనమ్మ ఆముదం దీపం మీద ఇత్తడి పళ్లెం బోర్లించి పట్టిన కాటుక. మనం నుదుటికీ కంటికీ పెట్టుకునే రెండింటినీ కలిపి వీళ్లు కుంచెకు పెట్టారన్నమాట.

మూడు వారాలు బొమ్మ లేదు, అరగదీయడమే. ఆ తరువాత వెదురు. కణుపు, కణుపు, ఆకు. ఒకసారి గీసింది మళ్లీ దిద్దకూడదు. దిద్దితే తెలిసిపోతుంది. అభ్యాసమంతా వార్తాపత్రికల మీదే. ఒకవైపు నిండితే రెండోవైపు. ఇంట్లో చూస్తే చించిన కవర్లు, కరెంటు బిల్లుల వెనకవైపులు, పిండి సంచుల కాగితం, అన్నీ సాపు చేసి దొంతరలు పెట్టి ఉండేవి. పిసినారి మనిషి అనుకున్నాను. నా బుద్ధికి అంతకంటే తోచలేదు.

మా వాడు పుట్టాక వాడినీ వెంట తీసుకువెళ్లేదాన్ని. బల్ల కింద కూర్చుని కుంచెల డబ్బా చప్పుడు చేస్తూ ఉండేవాడు. ఆ గదిలో చప్పుడు చేసే హక్కు వాడొక్కడిదే.

*

నా పురుడుకని మా అమ్మ వచ్చి ఆరు నెలలు ఉంది. ఇంగ్లీషు రాదు. రంగులావిడకు తెలుగు ఎలాగూ రాదు. ఇద్దరికీ ఊరగాయలతో స్నేహం కుదిరింది. ఆవిడ ఉప్పులో ఊరవేసిన ఎర్రటి పండ్లు చిన్న సీసాలో తెచ్చింది. ఉమెబోషి అంటారు. మా అమ్మ ఒకటి నోట్లో వేసుకుని కళ్లు గట్టిగా మూసుకుంది. “కారం వేయడం మరిచిపోయింది పాపం” అంది నాతో. మర్నాడు నిమ్మకాయ ఊరగాయ పంపింది. ఆవిడ ముక్కను కుళాయి కింద కడిగి అన్నంలో పెట్టుకుందని తెలిసి రెండు రోజులు అలిగింది కూడా.

సంక్రాంతికి మెట్ల ముందు గచ్చు మీద బియ్యప్పిండితో ముగ్గు పెట్టింది అమ్మ. చుక్కల ముగ్గు, పదిహేను నుంచి ఎనిమిదికి. వాకింగుకు వెళుతున్న ఆవిడ ఆగి, ముగ్గు అయ్యేదాకా చలిలో నిలబడే ఉంది. “చెరపడానికి ఏమీ వాడలేదే!” అంది. చెరపరండీ, రేపు పొద్దున తుడిచేసి మళ్లీ పెడతారు అని చెప్పాను. ఆ మాటకు ఆవిడ చాలాసేపు నవ్వింది. తరువాత మామూలుగా, కూరల ధర చెప్పినట్టు, “టోపాజ్‌లో మేము రోజూ పొద్దున్నే బల్ల మీద వేలితో బొమ్మ వేసేవాళ్లం. రాత్రికి రాత్రే అంత దుమ్ము పడేది. తుడిస్తే మర్నాటికి మళ్లీ సిద్ధం” అంది.

టోపాజ్ అంటే పుష్యరాగం. ఏదో నగల దుకాణం సంగతి అనుకున్నాను. రెండేళ్లుగా ఆవిడ దగ్గర కూర్చుంటున్నాను, అదొక ఊరని, ముళ్లకంచె వేసిన ఊరని నాకు తెలియదు.

*

ఆ తరువాత కూడా కూర్చోబెట్టి కథలా చెప్పింది ఎన్నడూ లేదు. సిరా ఆరేలోపల ఒక ముక్క, టీ మరిగేలోపల ఒక ముక్క. మిగిలింది నేను లైబ్రరీలో చదువుకున్నాను.

1941 డిసెంబరులో అమెరికా నౌకాస్థావరం పెర్ల్ హార్బర్ మీద జపాను దాడి. 1942 ఫిబ్రవరి 19న అమెరికా అధ్యక్షుడు రూజ్‌వెల్ట్ 9066 నంబరు ఉత్తర్వు మీద సంతకం పెట్టాడు. దాన్ని పట్టుకుని పడమటి తీరంలో ఉన్న జపాను మూలాల వారినందరినీ, దాదాపు 1,20,000 మందిని, ఇళ్లు ఖాళీ చేయించారు. వాళ్లలో మూడింట రెండు వంతులు అమెరికాలో పుట్టిన పౌరులే. ఎవరి మీదా విచారణ లేదు. ఆవిడకు అప్పుడు 11 ఏళ్లు. పుట్టింది బర్కిలీలో. తండ్రికి చిన్న లాండ్రీ దుకాణం. ఆయన కుర్రవాడిగా వచ్చి నలభై ఏళ్లు ఉన్నా పౌరుడు కాలేదు, కాలేడు కూడా. జపానులో పుట్టినవారికి ఆ అవకాశం 1952 దాకా చట్టమే ఇవ్వలేదు. 1923లో మనవాడు భగత్ సింగ్ థిండ్ కేసులో సుప్రీంకోర్టు భారతీయులకూ అదే మాట చెప్పిందని అప్పుడే చదివాను. గ్రీన్ కార్డు ఆలస్యమవుతోందని ఇంట్లో రోజూ విసుక్కునే రోజులవి. కొన్నాళ్లు ఆ విసుగు తగ్గించుకున్నాను.

తండ్రికి అన్నిటికంటే పెద్ద బెంగ ఇల్లు కాదట, ఉతికి ఇస్త్రీ చేసిన ఊళ్లోవాళ్ల బట్టలు. వెళ్లిపోయే లోపల ఎవరివి వాళ్లకు చేర్చాలని రాత్రింబగళ్లు తిరిగాడు. కుట్టుమిషను కొనేవాడు అడిగిన ధరకే పోయింది. చేతులతో మోయగలిగినంతే తెచ్చుకోవాలని ఆజ్ఞ. పక్కబట్టలు, పళ్లేలు, గ్లాసులు పోగా పిల్లకు మిగిలిన జాగాలో బొమ్మ పెట్టుకుంటావా, రంగు పెన్సిళ్లు పెట్టుకుంటావా అని తల్లి అడిగింది. “పెన్సిళ్లు అన్నాను. తెలివికి కాదు. బొమ్మకు అప్పటికే ఒక చేయి లేదు.”

కోటుకు కుటుంబం నంబరు చీటీ కట్టి ఊళ్లోని ఒక చర్చి దగ్గర బస్సు ఎక్కించారు. చర్చి ఆడవాళ్లు టీ ఇచ్చారని, ఆ కప్పు అంచుకు నీలం గీత ఉందని చెప్పేది. తండ్రి ముఖం ఎలా ఉందో గుర్తులేదట.

*

బస్సు దింపింది టాన్‌ఫోరన్ గుర్రప్పందేల మైదానంలో. సాన్ బ్రూనోలో, శాన్‌ఫ్రాన్సిస్కో విమానాశ్రయానికి దగ్గర. కొత్తగా కట్టిన బారకాసుల్లో కొందరు, గుర్రాల కొట్టాల్లో కొందరు, దాదాపు 8,000 మంది అక్కడ నెలల తరబడి ఉన్నారు. వీళ్లకు కొట్టం పడింది. హడావుడిగా సున్నం కొట్టారు. సున్నం కింద గడ్డిపరకలు, సాలెగూళ్లు, గుర్రపు వెంట్రుకలు అలాగే అతుక్కుని ఉండేవి. ఎండ ఎక్కేకొద్దీ నేలలోంచి వాసన లేచేది. “ఇప్పటికీ వానాకాలంలో నా కోటు వాసన చూసుకుంటాను” అంది ఒకసారి. నేను నవ్వబోయి ఆగిపోయాను.

ఆ మైదానం ఎప్పుడో పోయి దాని మీద పెద్ద షాపింగ్ మాల్ వచ్చింది. రైలు అక్కడిదాకా వేశాక, మా వాడికి బూట్లు కొనాలి, తోడు వస్తారా అని అడిగితే వచ్చింది. మాల్ బయట కంచు విగ్రహం. సీబిస్కెట్ అనే పందెం గుర్రానిదట, ఒకప్పుడు అక్కడ ఉండేదట. ఆవిడ దాని ముందు నిలబడి నుదురు తట్టింది. “ఇది పేరున్న గుర్రం. మా కొట్టంలో ఉన్నది ఎవరో మాకు చెప్పలేదు” అంది. లోపల బూట్ల దుకాణంలో నేను సైజులు చూస్తుంటే అటూ ఇటూ నడిచి అడుగులు లెక్కపెట్టి, “ఇక్కడైనా కావచ్చు, ఆ మెట్ల దగ్గరైనా కావచ్చు” అని బెంచీ మీద కూర్చుంది. మా వాడు కొత్త బూట్లతో ఆవిడ చుట్టూ పరుగెత్తాడు. మనుషులకు విగ్రహం 2022లో వచ్చింది. స్టేషను బయట ఇద్దరు చిన్నపిల్లలు, కోట్లకు చీటీలతో. గుర్రానికి ముందు, మనుషులకు తరువాత. ఈ వరసను నేను ఇప్పటికీ జీర్ణం చేసుకోలేను.

బడి సంగతి మాత్రం ఆవిడ అడగకుండానే చెప్పేది. చియురా ఒబాటా అని, బర్కిలీ విశ్వవిద్యాలయంలో చిత్రకళ బోధించే పెద్దాయన. ఆయన కూడా కుటుంబంతో పాటు అదే మైదానానికి వచ్చాడు. వచ్చిన నెలలోపే తోటి చిత్రకారులను కూడగట్టి బొమ్మల బడి పెట్టాడు. ఐదారేళ్ల పిల్లల నుంచి డెబ్బై దాటిన ముసలివారి దాకా 600 మందికి పైగా చేరారు. బయటి స్నేహితులు కాగితాలు, రంగులు పంపేవారు. అవి చాలేవి కావు. అందుకని ఒక కాగితం నలుగురికి, రెండువైపులా. నా కళ్లకు పిసినారితనంగా కనబడినదానికి మూలం అదీ.

అక్కడి చిత్రకారుల్లో మినే ఒకుబో సంగతి చెబుతూ ఆవిడ కళ్లు చిన్నపిల్ల కళ్లయ్యేవి. కెమెరాలు నిషేధం కాబట్టి ఒకుబో చూసినదల్లా గీసేది. భోజనాల వరసలు, మరుగుదొడ్ల వరసలు, ఉతికిన బట్టల తాళ్లు. అలా 2,000 దాకా గీసిందంటారు. పనికి ఎవరూ అడ్డు రాకుండా తలుపు మీద అంటురోగం ఉన్న ఇల్లని బోర్డు తగిలించిందట. ఒకుబో కుటుంబం నంబరు 13660. యుద్ధం అయ్యాక 1946లో వచ్చిన ఆమె పుస్తకం పేరులో ఆ అంకెలున్నాయి. “మా పిల్లలందరికీ అలాంటి బోర్డు ఒకటి కావాలనిపించేది” అనేది.

*

సెప్టెంబరు రాగానే మళ్లీ రైలు. కిటికీల పరదాలు దించి ఉంచాలి. యూటా రాష్ట్రంలో, డెల్టా అనే ఊరి అవతల, చెట్టు లేని ఎడారి. అదే పుష్యరాగం. తారుకాగితం కప్పిన బారకాసులు, ఒక్కొక్క కుటుంబానికి ఒక గది, ఒక వేలాడే బల్బు. కంచె, కావలి గోపురాలు. దుమ్ము లేస్తే పక్క బారకాసు కనిపించదు. భోజనం వందలమందితో కలిసి పెద్ద హాలులో. పిల్లలు స్నేహితులతో కూర్చునేవారు, తండ్రి మగవాళ్ల బల్ల దగ్గర. కుటుంబమంతా ఒక బల్ల దగ్గర కూర్చుని తినడం అక్కడితో సరి. నాన్న అసలు ఎప్పుడు మాట్లాడటం మానేశాడో ఎవరూ గమనించలేదు, ఆయన వేరే బల్ల దగ్గర కదా అంది ఒకసారి. టీ వంచుతూ అంది. నాకు చేతిలో కప్పు బరువెక్కింది.

తల్లి మాత్రం మారిపోయింది. లాండ్రీలో ఆవిరి మధ్య పెళ్లయినప్పటి నుంచి నిలబడిన మనిషికి మొదటిసారి పొద్దు ఖాళీ దొరికింది. ఆ ఎడారి ఎప్పుడో వేలయేళ్ల కిందట పెద్ద సరస్సు అడుగట. తవ్వితే బియ్యపు నూకంత గవ్వలు, గోరంత గవ్వలు. ఆడవాళ్లు జల్లెడలు పట్టుకుని వాటిని ఏరి, కడిగి, సైజుల వారీగా వేరుచేసి, గోళ్ల రంగుతో అద్ది, పూలగుత్తుల్లా అతికి పిన్నులు చేసేవారు. తల్లి చేసిన మల్లెపూల గుత్తి ఒకటి ఆవిడ దగ్గర ఉండేది. నాకు ఒకసారి చూపించింది, చేతిలోకి మాత్రం ఇవ్వలేదు. ఒక్కొక్క రేకూ ఒక గవ్వ. మా అమ్మ చూసి “ఇంత ఓపిక ఎక్కడిదే” అంది.

1943 ఏప్రిల్‌లో జేమ్స్ హత్సుఆకి వకాసా అనే 63 ఏళ్ల మనిషి సాయంత్రం కంచె దగ్గర నడుస్తుండగా గోపురం మీది సిపాయి కాల్చి చంపాడు. పెద్దవాళ్ల గుసగుసలే తప్ప పిల్లలకు ఎవరూ ఏమీ చెప్పలేదు. ఎడారిలో పూలెక్కడివి? ఆడవాళ్లంతా కూర్చుని కాగితం పూలు చేసి, మనిషెత్తు పూలచక్రాలు కట్టారు. పిల్లలూ రేకులు మడిచారు. “ఆ వారం రంగు కాగితాలు ఎన్ని కావాలంటే అన్ని ఇచ్చారు” అంది. తరువాత కుంచె కడగడానికి లేచింది. ఆ రోజుకు పాఠం అంతే.

*

ఎవరైనా కాలేజీ పిల్లలు ఇంటర్వ్యూకు వస్తే ‘గమాన్’ అనే జపాను మాట తప్పకుండా వచ్చేది. ఓర్చుకోవడం. కష్టాన్ని గౌరవంగా భరించడం. ఎంత ఓర్చుకుని ఆ కళ సృష్టించారండీ అనేవారు. ఆవిడ మర్యాదగా తలూపేది. వాళ్లు వెళ్లాక ఒకసారి నాతో అంది: “ఓర్చుకున్నది మా అమ్మ. నేను బొమ్మలు వేసుకున్నాను.”

ఇంకొంచెం సేపటికి, రాతి మీద నీళ్లు పోస్తూ: “నాకు అక్కడ చాలా బాగుండేది. జీవితంలో అంత మంచి బడి మళ్లీ దొరకలేదు. మా నాన్న పాడైపోతుంటే నేను వెదురు ఆకుల కోసం పరుగెత్తేదాన్ని. ఆ మాట మా అమ్మ బతికి ఉండగా అనలేకపోయాను. ఇప్పుడు ఈ పిల్లలతో అంటే, చూశారా అంత ఘోరమేమీ కాదు అని రాసుకుంటారు. అందుకని తలూపుతాను.”

నేను ఏమీ అనలేదు. అనడానికి నా దగ్గర ఉన్నవన్నీ ఆ తలూపడానికి కారణమైన మాటలే.

యుద్ధం ముగిశాక 25 డాలర్లూ రైలు టికెట్టూ ఇచ్చి పంపేశారట. తండ్రి మళ్లీ దుకాణం తెరవలేదు, ఇతరుల తోటల్లో గడ్డి కోశాడు. 1988లో రీగన్ సంతకంతో క్షమాపణ చట్టం వచ్చింది. బతికి ఉన్నవారికి తలా 20,000 డాలర్లు, ముందు అందరికంటే పెద్దవాళ్లకు. తండ్రి అప్పటికి లేడు. ముసలి తల్లికి చెక్కు, అధ్యక్షుడి ఉత్తరం వచ్చాయి. ఆమె చెక్కు బ్యాంకులో వేసి, ఉత్తరం గవ్వల పిన్ను పెట్టెలో పెట్టి, కూతురితో “బట్టలన్నీ తిరిగి ఇచ్చేశాడు మీ నాన్న” అందట. అంతే అందట.

మన దగ్గర ఇలాంటివి ఉండవులే అని ఎప్పుడో ఆవిడ ముందు ధీమాగా అన్నట్టు గుర్తు. 1962లో చైనాతో యుద్ధం వచ్చినప్పుడు ఇక్కడే పుట్టి పెరిగిన చైనీయ కుటుంబాలను దాదాపు 3,000 మందిని రాజస్థాన్‌లోని దేవలీ శిబిరానికి రైళ్లలో పంపారని హైదరాబాదు తిరిగి వచ్చాక తెలిసింది. ఆవిడకు ఫోను చేసి చెప్పాలనుకున్నాను. చేసినప్పుడల్లా మా వాడి చదువు, ఆవిడ మోకాలు, ఇవే మాట్లాడుకున్నాం.

*

నిన్న సాయంత్రం వాన పడుతుంటే రాతి మీద నాలుగు చుక్కలు పోశాను. చేయి మరిచిపోలేదు. నల్ల గంధం నెమ్మదిగా దిగింది. కాగితం కోసం వెతుకుతూ, రాయికి చుట్టి వచ్చిన వార్తాపత్రికలనే సాపు చేశాను. అప్పుడు చూశాను, వాటి నిండా వెదుళ్లు. నావే. కణుపుల దగ్గర వణికిన గీతలు, దిద్దిన చోట్లు. ఒక్క ఆకు చుట్టూ ఆవిడ ఎర్ర పెన్సిలుతో సున్నా చుట్టింది. అది బాగుందనడానికి గుర్తు. పాతికేళ్లు దాచింది వీటిని. నా మీద ప్రేమతో అనుకోబోయాను కానీ, ఆ ఇంట్లో ఏ కాగితమైనా అంతే.

ఒకదాని అంచున ఆవిడ చేతిరాతలో సరుకుల జాబితా ఉంది. గుడ్లు, బల్బు, టోఫు, బాబుకి అరటిపండ్లు.

మా అబ్బాయిని పిలిచి చూపించాను. అరటిపండ్లు గుర్తులేవట. బల్ల కింద నుంచి చూస్తే ఆవిడ చెప్పుల మీద సిరా చుక్కలు ఉండేవని, అవి లెక్కపెట్టేవాడినని చెప్పాడు.